29 గోల్స్ ఖరీదెంత? రికీ లాంబర్ట్ ప్రస్థానం, ఇంగ్లండ్ కింది డివిజన్ల లెక్క

2008-09 సీజన్ ముగిసేసరికి ఇంగ్లండ్ ఫుట్‌బాల్‌లో మూడో అంచె అయిన లీగ్ వన్‌లో అత్యధిక గోల్స్ చేసిన ఆటగాళ్లుగా ఇద్దరు సమంగా నిలిచారు. స్విండన్ టౌన్ తరఫున సైమన్ కాక్స్, బ్రిస్టల్ రోవర్స్ తరఫున రికీ లాంబర్ట్ చెరి 29 లీగ్ గోల్స్ కొట్టారు. ఆ వేసవిలోనే ఇద్దరూ క్లబ్బులు మారారు. 22 ఏళ్ల కాక్స్‌ను వెస్ట్ బ్రామ్‌విచ్ ఆల్బియన్ కొనుక్కుంది. అది అప్పుడే ప్రీమియర్ లీగ్ నుంచి రెండో అంచెకు దిగి, వెంటనే తిరిగి పైకి వెళ్లాలని చూస్తున్న క్లబ్బు. 27 ఏళ్ల లాంబర్ట్‌ను కొన్నది సౌతాంప్టన్. అది కూడా ఆ ఏడాది లీగ్ వన్‌లోనే ఆడవలసిన క్లబ్బు, పైగా ఆర్థికంగా కుప్పకూలినందుకు శిక్షగా సీజన్‌ను మైనస్ 10 పాయింట్లతో మొదలుపెట్టవలసిన క్లబ్బు.

ఒకే డివిజన్, ఒకే సీజన్, ఒకే సంఖ్య. అయినా ఒకరికి పై అంచెలో చోటు దొరికింది, మరొకరు ఉన్న అంచెలోనే ఉండిపోయారు. ఐదేళ్ల తర్వాత బ్రెజిల్‌లో జరిగిన ప్రపంచకప్‌కు ఇంగ్లండ్ జట్టుతో వెళ్లింది మాత్రం రెండో వ్యక్తి. కింది డివిజన్లలో కొట్టిన గోల్స్‌కు విలువ కట్టడం ఎందుకంత కష్టమో అర్థం చేసుకోవడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు.

ముందు ఆ వ్యవస్థను క్లుప్తంగా చూద్దాం. ఐపీఎల్ జట్లకు కింది స్థాయికి పడిపోయే భయం లేదు. ఇంగ్లండ్ ఫుట్‌బాల్‌లో ఆ భయం ప్రతి క్లబ్బుకూ ఉంటుంది. పైన 20 జట్ల ప్రీమియర్ లీగ్, దాని కింద ఒక్కొక్కదానిలో 24 జట్లతో ఛాంపియన్‌షిప్, లీగ్ వన్, లీగ్ టూ ఉంటాయి. మొత్తం 92 క్లబ్బులు. వాటి కింద నేషనల్ లీగ్, ఇంకా కిందికి వెళ్తే ప్రాంతీయ లీగులు. ఛాంపియన్‌షిప్‌లోనూ లీగ్ వన్‌లోనూ మొదటి రెండు జట్లు నేరుగా పైకి వెళ్తాయి, ఆ తర్వాతి కొన్ని జట్లు ప్లే-ఆఫ్ ఆడి మిగిలిన ఒక్క చోటు కోసం తలపడతాయి. చివరి స్థానాల్లో నిలిచినవి కిందికి దిగుతాయి. అందువల్ల అక్కడి ఆటగాడు పైకి రావడానికి రెండు దారులుంటాయి. పై అంచెలోని క్లబ్బు అతణ్ణి కొనుక్కోవడం ఒకటి, తానున్న క్లబ్బే పై అంచెకు ఎక్కడం రెండోది. పత్రికలకు ఎక్కువగా ఎక్కేది మొదటి దారి. స్ట్రైకర్లను నిజంగా నిలబెట్టింది చాలాసార్లు రెండోదేనని నా అభిప్రాయం.

లాంబర్ట్ 1982 ఫిబ్రవరిలో లివర్‌పూల్ పక్కనున్న కర్క్‌బీలో పుట్టాడు. పదేళ్ల వయసులో లివర్‌పూల్ క్లబ్బు బాలుర జట్టులో చేరితే, 15 ఏళ్లకు ఆ క్లబ్బు ఇక చాలని పంపేసింది. తర్వాత బ్లాక్‌పూల్‌లో శిక్షణ పొంది, సీనియర్ జట్టుకు కొద్ది మ్యాచ్‌లు ఆడాడో లేదో అక్కడా అదే మాట విన్నాడు. ఖాళీగా ఉన్న ఆ నెలల్లో బీట్‌రూట్ సీసాలకు మూతలు బిగించే ఫ్యాక్టరీలో రోజుకు 20 పౌండ్ల కూలికి పనిచేస్తూ, ఆ డబ్బుతో మాక్లెస్‌ఫీల్డ్ టౌన్ దగ్గరికి సాధనకు వెళ్లొచ్చేవాడు. లాంబర్ట్ గురించి రాసేవాళ్లెవరూ ఈ ఫ్యాక్టరీ ఉదంతాన్ని వదిలిపెట్టరు. కానీ అతడి ఆటను వివరించడానికి అది పెద్దగా ఉపయోగపడదు, ఎందుకంటే ఇంగ్లండ్‌లో 18, 19 ఏళ్లకు క్లబ్బులు వదిలేసిన కుర్రాళ్లు ఏటా వందల్లో ఉంటారు, వాళ్లూ ఏదో ఒక పని చూసుకుంటూనే ఉంటారు.

ఆట పరంగా గమనించవలసింది ఆ తర్వాతి సంగతి. మాక్లెస్‌ఫీల్డ్‌లో నాలుగో అంచెలో రాణించాక 2002లో స్టాక్‌పోర్ట్ కౌంటీ అతణ్ణి 3 లక్షల పౌండ్లకు కొన్నది. ఆ స్థాయికి అది చిన్న మొత్తం కాదు. అక్కడ మూడు సీజన్లలో అతడు చేసిన లీగ్ గోల్స్ 20 కూడా లేవు. ఆ వయసులో అతణ్ణి స్ట్రైకర్‌గా ఆడించాలో మధ్య వరుసలో ఆడించాలో తేలలేదు. జట్టు కూడా నానాటికీ బలహీనపడుతూ కిందికి జారుతోంది. 2005 ఫిబ్రవరిలో రోచ్‌డేల్‌కు వెళ్లాడు. 1974లో నాలుగో అంచెకు దిగి 2010 దాకా అక్కడినుంచి కదలని క్లబ్బు అది. పేరున్న ఆటగాడెవరూ ఏరికోరి వెళ్లే చోటు కాదు. అక్కడ ముందు వరుసలో అతడికి జతగా ఆడింది గ్రాంట్ హోల్ట్. 2005-06 సీజన్‌లో లాంబర్ట్ 22 లీగ్ గోల్స్ కొట్టాడు. ఆ ఇద్దరూ ఆరేళ్ల తర్వాత ప్రీమియర్ లీగ్ స్థాయి స్ట్రైకర్లు అవుతారని రోచ్‌డేల్ మైదానంలో అప్పుడు ఎవరైనా అని ఉంటే పక్కనున్నవాళ్లు నవ్వి ఊరుకునేవారు.

2006 ఆగస్టు ఆఖరి రోజున బ్రిస్టల్ రోవర్స్ అతణ్ణి 2 లక్షల పౌండ్లకు తీసుకుంది. తొలి సీజన్‌లోనే రోవర్స్ ప్లే-ఆఫ్ ఫైనల్లో ష్రూస్‌బరీని ఓడించి లీగ్ వన్‌కు చేరింది. మరుసటి ఏడాది, అన్ని అంచెల క్లబ్బులూ తలపడే ఎఫ్ఏ కప్ ఐదో రౌండ్‌లో రోవర్స్ 1-0తో ఒక జట్టును ఇంటికి పంపింది. ఆ ఏకైక గోల్ లాంబర్ట్ ఫ్రీ-కిక్ నుంచి వచ్చింది. ఓడిన జట్టు సౌతాంప్టన్. తర్వాత ఏడాదిన్నరకు అదే క్లబ్బు అతణ్ణి కొనడానికి ఆ ఒక్క గోలే కారణమనుకోనక్కర్లేదు గానీ, వాళ్లు అతణ్ణి ముందే దగ్గరినుంచి చూశారన్నది మాత్రం నిజం.

ఇక ధర సంగతికి వద్దాం. స్ట్రైకర్ ధరలో గోల్స్ సంఖ్య ఒక పాలు మాత్రమే. కొనేవాడు మొదట చూసేది వయసు. 22 ఏళ్ల ఆటగాడు విఫలమైనా మరో క్లబ్బుకు అమ్మి పెట్టుబడిలో కొంత వెనక్కి తెచ్చుకోవచ్చు, సఫలమైతే పెట్టినదానికి పదింతలు రావచ్చు. 27 ఏళ్లవాడిని కొంటే ఆ డబ్బు ఖర్చు కిందే రాసుకోవాలి. రెండోది ఒప్పందంలో మిగిలిన కాలం. ఇంగ్లండ్‌లో ఆటగాళ్ల ఒప్పందాలు సాధారణంగా జూన్ 30తో ముగుస్తాయి. 1995లో యూరోపియన్ న్యాయస్థానం ఇచ్చిన బోస్మన్ తీర్పు తరువాత, గడువు తీరిన ఆటగాడు తనకు నచ్చిన చోటికి వెళ్తే పాత క్లబ్బుకు దక్కేదేమీ ఉండదు; 24 ఏళ్ల లోపు వాళ్ల విషయంలో మాత్రం, వాళ్లను తీర్చిదిద్దిన క్లబ్బుకు పరిహారం ఇచ్చే పద్ధతి ఇంగ్లండ్‌లో ఉంది. కాబట్టి చిన్న క్లబ్బు తన మంచి స్ట్రైకర్‌ను గడువు దగ్గర పడకముందే అమ్ముకోవాలి. అమ్మితే జట్టు బలహీనపడుతుంది, అమ్మకపోతే ఏడాది తిరిగేసరికి చేతికి ఏమీ రాదు. బ్రిస్టల్ రోవర్స్ లాంటి క్లబ్బులు బతికేది ఈ రెండింటి మధ్యే.

మూడోది అన్నిటికంటే చిక్కుది. ఒక స్ట్రైకర్ కొట్టిన గోల్స్‌లో అతడివి ఎన్ని, అతడి వెనకున్న జట్టువి ఎన్ని? బంతి అతడికి ఏ స్థానంలో అందుతోంది, పక్కల నుంచి క్రాస్‌లు పంపేవాళ్లెవరు, పెనాల్టీలు తీసేది ఎవరు, అంచె మారితే ఎదుటి డిఫెండర్లు అతడికి ఎన్ని క్షణాలు వదులుతారు అన్న ప్రశ్నలకు గోల్స్ పట్టికలో సమాధానం ఉండదు. సంఖ్యను ఒక క్లబ్బు నుంచి మరో క్లబ్బుకు మోసుకెళ్లవచ్చు, దాన్ని పుట్టించిన పొందికను మోసుకెళ్లలేం. మట్టి రాల్చేసి పీకిన మొక్క కొత్త మడిలో వేరు పట్టుకుంటుందా లేదా అన్నట్టే ఉంటుంది స్ట్రైకర్ కొనుగోలు. కింది అంచెలో 25, 30 గోల్స్ కొట్టినవాణ్ణి పై క్లబ్బులు అనుమానంగా చూడటంలో పొగరు కొంత ఉండవచ్చు, కానీ అది పూర్తిగా అన్యాయం కాదు.

జోర్డన్ రోడ్స్ కథ ఆ అనుమానానికి సాక్ష్యం లాంటిది. 2011-12లో హడర్స్‌ఫీల్డ్ తరఫున లీగ్ వన్‌లో 36 లీగ్ గోల్స్ కొట్టిన అతణ్ణి ఆ వేసవి చివర్లో ఛాంపియన్‌షిప్ క్లబ్బు బ్లాక్‌బర్న్ రోవర్స్ 80 లక్షల పౌండ్లకు కొన్నదని అప్పటి పత్రికలు రాశాయి. అక్కడ కూడా వరసగా మూడు సీజన్లలో 20కి తగ్గకుండా లీగ్ గోల్స్ చేశాడు. కానీ బ్లాక్‌బర్న్ పైకి ఎక్కలేదు. 2016 ఆరంభంలో మిడిల్స్‌బ్రోకు మారాడు, ఆ క్లబ్బు ఎక్కింది. అయితే ఆ జట్టు అతడి కోసం అల్లినది కాదు. ప్రీమియర్ లీగ్‌లో అతడు ఆడింది ఆరు మ్యాచ్‌లు, చేసిన గోల్స్ సున్నా. ఇంత నిలకడగా గోల్స్ కొట్టినవాడికి పై అంచెలో సరైన పరీక్షే జరగలేదు.

సౌతాంప్టన్‌లో లాంబర్ట్‌కు జరిగింది దీనికి సరిగ్గా తలకిందులు. 2009 జూలైలో స్విట్జర్లాండ్‌లో స్థిరపడిన వ్యాపారవేత్త మార్కస్ లీబెర్ దివాలా అంచున ఉన్న ఆ క్లబ్బును కొన్నాడు. దాని అంచె మూడోది, కానీ మైదానం, యువ ఆటగాళ్ల శిక్షణ, కొత్తగా వచ్చిన డబ్బు మాత్రం పై స్థాయివి. ఆగస్టులో మేనేజర్ అలన్ పార్డ్యూ లాంబర్ట్‌ను 10 లక్షల పౌండ్లకు పైగా వెచ్చించి తెచ్చాడు. 27 ఏళ్ల లీగ్ వన్ ఆటగాడిపై అంత డబ్బేమిటని అడిగినవాళ్ల లెక్క తప్పేమీ కాదు. తిరిగి అమ్ముకునే విలువే కొలమానమైతే అది చెడ్డ బేరమే. కానీ సౌతాంప్టన్ అతణ్ణి కొన్నది అమ్ముకోవడానికి కాదు, తనతోపాటు పైకి తీసుకెళ్లడానికి. పార్డ్యూ అతడి బరువు గురించి ముఖం మీదే చెప్పాడని, ఒళ్లు తగ్గించుకుంటే ఇంకా పై స్థాయిలో ఆడగలవని అన్నాడని లాంబర్ట్ తరువాత పలుమార్లు చెప్పుకున్నాడు.

తొలి సీజన్‌లో 30 లీగ్ గోల్స్. అంచె మారలేదు, క్లబ్బు మారింది, సంఖ్య నిలిచింది. జట్టు 7వ స్థానంలో ముగించి ప్లే-ఆఫ్‌కు దూరమైంది. కోత పెట్టిన ఆ 10 పాయింట్లు ఉండి ఉంటే అందులోకి చేరేది. లీబెర్ 2010 ఆగస్టులో మరణించాడు, ఆ నెలాఖరులోనే పార్డ్యూను తొలగించారు. కొత్త మేనేజర్ నైజెల్ ఆడ్కిన్స్ లాంబర్ట్ చుట్టూ ఉన్న ఆట తీరును చెరపలేదు. 2010-11లో 21 గోల్స్, జట్టు రెండో స్థానంతో పైకి. 2011-12లో ఛాంపియన్‌షిప్‌లో 27 గోల్స్‌తో అగ్రస్థానం, జట్టు మళ్లీ రెండో స్థానంతో పైకి. 2012 ఆగస్టులో ప్రీమియర్ లీగ్ తొలి మ్యాచ్ ఆ ఏడాది ఛాంపియన్ మాంచెస్టర్ సిటీ మైదానంలో. సబ్‌స్టిట్యూట్‌గా దిగిన లాంబర్ట్ కాసేపటికే గోల్ కొట్టాడు. ఆ సీజన్‌లో 15, మరుసటి సీజన్‌లో 13.

ఈ వరుసను జాగ్రత్తగా చూడాలి: 30, 21, 27, 15, 13. మూడు అంచెల్లో ఆడుతూ ఐదేళ్లలో 106 లీగ్ గోల్స్. ఛాంపియన్‌షిప్ నుంచి ప్రీమియర్ లీగ్‌కు మారినప్పుడు సంఖ్య దాదాపు సగానికి పడింది. లీగ్ వన్‌కూ ఛాంపియన్‌షిప్‌కూ మధ్య అలాంటి పతనమే లేదు, పైగా పెరిగింది. అసలు అగాధం మొదటి రెండు అంచెల మధ్యనే ఉందని ఒక్క ఆటగాడి లెక్కతో తీర్పు చెప్పలేం గానీ, ఆ లెక్క చూపుతున్నది అదే. ఇంకొకటి, అతడు సౌతాంప్టన్‌కు తీసిన 34 పెనాల్టీలనూ గోల్‌గా మలిచాడు, ఒక్కటీ తప్పలేదు. పెనాల్టీ గోల్స్‌ను తీసేసి మాట్లాడాలనేవాళ్లు ఉంటారు. ఎదుటి జట్టు ఎంత బలమైనదైనా పెనాల్టీ దూరం 12 గజాలే కాబట్టి అంచె మారినా చెక్కు చెదరని నైపుణ్యం అదొక్కటేనని నాకనిపిస్తుంది. కొనేవాడు దాన్ని తీసేయడం కాదు, విడిగా లెక్కగట్టుకోవాలి.

అతడి ఆటలో వేగం ఎప్పుడూ లేదు. అది అతడికి లోటు కావలసింది, వరమైంది. వేగాన్ని నమ్ముకున్న స్ట్రైకర్‌కు పై అంచెలో అంతకంటే వేగంగా పరుగెత్తే డిఫెండర్లు ఎదురవుతారు. లాంబర్ట్ వెనక్కి దిగి బంతిని అందుకుని, ఛాతీతోనో పాదంతోనో అదుపు చేసి, పక్కల పరుగెత్తే కుర్రాళ్లకు పంపేవాడు. ఒకప్పుడు అతణ్ణి మధ్య వరుసలో ఆడించిన ఏళ్లు స్టాక్‌పోర్ట్‌లో వృథాగా కనిపించాయి గానీ, సౌతాంప్టన్‌లో పనికొచ్చింది ఆ ఏళ్లలో అలవడిన చూపే. ఆడమ్ లల్లానా, జే రోడ్రిగెజ్ లాంటివాళ్లు అతడి చుట్టూ తిరుగుతూ గోల్స్ కొట్టారు. అందుకే ఆ జట్టులో అతడు గోల్స్ కొట్టేవాడు మాత్రమే కాదు, గోల్స్ పుట్టే చోటు కూడా.

2013 ఆగస్టు 14న లండన్‌లోని వెంబ్లీ మైదానంలో స్కాట్లాండ్‌పై ఇంగ్లండ్ తరఫున తొలిసారి దిగినప్పుడు అతడికి 31 ఏళ్లు. వేన్ రూనీ స్థానంలో వచ్చి, లేటన్ బెయిన్స్ కొట్టిన కార్నర్‌ను తొలి తాకిడికే తలతో గోల్‌లోకి పంపాడు. ఇంగ్లండ్ 3-2తో గెలిచింది. మొత్తం 11 అంతర్జాతీయ మ్యాచ్‌లు, 3 గోల్స్. 2014 ప్రపంచకప్‌లో ఉరుగ్వేపై చివరి నిమిషాల్లో మాత్రమే మైదానంలోకి వెళ్లాడు.

మరి సైమన్ కాక్స్? వెస్ట్ బ్రామ్ 2010లో ప్రీమియర్ లీగ్‌కు తిరిగి వెళ్లింది, కాక్స్ కూడా దానితో వెళ్లాడు. 2011 ఏప్రిల్‌లో టోటెన్‌హామ్‌పై అతడు దూరం నుంచి కొట్టిన గోల్ ఇప్పటికీ ఆ క్లబ్బు అభిమానుల నోట వినిపిస్తుంది. కానీ అక్కడ ప్రధాన స్ట్రైకర్ ఎప్పుడూ మరొకరే, 2012లో నాటింగ్‌హామ్ ఫారెస్ట్‌కు మారాడు. అంటే క్లబ్బు ఎక్కేటప్పుడు అందులో ఉండటం ఒక్కటే చాలదు. ఎక్కే జట్టు తన చుట్టూ అల్లుకుని ఉండాలి.

గ్రాంట్ హోల్ట్‌కు అది నార్విచ్ సిటీలో దక్కింది. 2009లో నాలుగో అంచె నుంచి ష్రూస్‌బరీని వదిలి లీగ్ వన్‌లోని నార్విచ్‌కు వచ్చాడు; జట్టు వరసగా రెండేళ్లు పైకి ఎక్కింది; 2011-12లో ప్రీమియర్ లీగ్‌లో హోల్ట్ 15 గోల్స్ చేశాడు. జేమీ వార్డీ 2012లో ఐదో అంచె నుంచి లెస్టర్‌కు 10 లక్షల పౌండ్లకు వచ్చినప్పుడు మొదటి ఏడాది తడబడ్డాడు. రెండో ఏడాది 16 లీగ్ గోల్స్ చేసి జట్టుతో ఎక్కాడు, 2016లో ప్రీమియర్ లీగ్ విజేత అయ్యాడు. న్యూకాజిల్‌లో చోటు దొరకక నాలుగు క్లబ్బులకు అరువుగా వెళ్లిన ఐవాన్ టోనీ, పీటర్‌బరోలో లీగ్ వన్ గోల్స్ కొట్టి 2020లో ఛాంపియన్‌షిప్‌లోని బ్రెంట్‌ఫర్డ్‌కు వెళ్లి, ఆ సీజన్‌లో 31 గోల్స్‌తో జట్టును ప్రీమియర్ లీగ్‌కు చేర్చాడు. టోనీ విషయంలో ఒక తేడా ఉంది. బ్రెంట్‌ఫర్డ్ గోల్స్ సంఖ్యతో ఆగకుండా అవకాశాల నాణ్యతను గణాంకాలతో కొలిచే క్లబ్బు, కాబట్టి 2009లో అనుమానంగా మిగిలిన ప్రశ్నకు కొంతైనా లెక్క వేయగలిగింది.

2014 జూన్‌లో లివర్‌పూల్ 32 ఏళ్ల లాంబర్ట్‌ను సుమారు 40 లక్షల పౌండ్లకు కొన్నది. చిన్నప్పుడు పంపేసిన క్లబ్బే పిలిచిందని అందరూ మురిసిపోయారు. ఆట కోణంలో చూస్తే, అతడి జీవితంలో అగ్రశ్రేణి క్లబ్బు ఒక్కడిగా అతణ్ణి ఎత్తుకెళ్లడం అదే మొదటిసారి. అక్కడ ముందు వరుస వేగంగా ఎదుటి జట్టు మీదికి ఎగబడాలి, బంతి అతడి ఛాతీకి రావడం అరుదు, మొదటి పదకొండు మందిలో చోటు అంతకంటే అరుదు. 36 మ్యాచ్‌లలో, అందులో సబ్‌స్టిట్యూట్‌గా వచ్చినవే ఎక్కువ, 3 గోల్స్. ఒక్క వేసవిలో ఆటగాడు అంత మారిపోడు. వయసు కొంత కారణమే, కానీ చుట్టూ ఉన్న జట్టు వేరు కావడమే పెద్ద కారణమని నేననుకుంటాను. వెస్ట్ బ్రామ్, కార్డిఫ్ సిటీల మీదుగా 2017 అక్టోబరులో ఆట విరమించాడు.

ఇవన్నీ పైకి వచ్చినవాళ్ల కథలు. కింది డివిజన్ల స్ట్రైకర్లలో అత్యధికుల జీవితం అడెబాయో అకిన్‌ఫెన్వా లాంటిది, అంత ప్రసిద్ధి లేకుండా. లిథువేనియా, వేల్స్ మొదలుకొని డజనుకు పైగా క్లబ్బులు, ఎక్కువగా ఒకటి రెండేళ్ల ఒప్పందాలు, ప్రతి మే నెలలో క్లబ్బు ఎవరిని ఉంచుకుంటుందో ఎవరిని వదిలేస్తుందో చెప్పే జాబితా కోసం ఎదురుచూపు. 2016 మేలో వెంబ్లీలో ప్లిమత్‌పై పెనాల్టీ గోల్ కొట్టి ఏఎఫ్‌సీ వింబుల్డన్‌ను లీగ్ వన్‌కు చేర్చిన సాయంత్రమే, టీవీ కెమెరా ముందు తనకిప్పుడు క్లబ్బు లేదని, కావలసిన మేనేజర్లు వాట్సాప్ చేయవచ్చని చెప్పాడు. ఆ జూలైలో వికమ్ వాండరర్స్ తీసుకుంది. 2020లో కోవిడ్ వల్ల సీజన్ మధ్యలో ఆగినప్పుడు 8వ స్థానంలో ఉన్న వికమ్, మ్యాచ్‌కు సగటు పాయింట్ల లెక్కతో 3వ స్థానానికి చేరి, ప్రేక్షకులు లేని వెంబ్లీలో ఆక్స్‌ఫర్డ్‌ను ఓడించి చరిత్రలో తొలిసారి ఛాంపియన్‌షిప్‌కు ఎక్కింది. 38 ఏళ్ల వయసులో అకిన్‌ఫెన్వాకు రెండో అంచె అందింది ఆ సగటు లెక్క పుణ్యమే. తర్వాతి ఏడాది వికమ్ ఒక్క పాయింట్ తేడాతో కిందికి దిగింది. 2022 మేలో సండర్లాండ్ చేతిలో ప్లే-ఆఫ్ ఫైనల్ ఓడాక అతడు 40 ఏళ్ల వయసులో ఆట మానేశాడు.